పొయ్యిలో కాలిన జడ

ఆ శనివారం పొద్దున ఇంట్లో ఉన్నది నలుగురం. అమ్మమ్మ, అమ్మ, మ్యూరియెల్ పిన్ని, నేను. పొయ్యి పక్కన అట్టపెట్టెలో తల్లి వదిలేసిన గొర్రెపిల్ల ఒకటి ఉంది. దాన్ని కూడా కలిపితే ఐదుగురం. నాన్న కొండ మీద, ఈనుతున్న గొర్రెల దగ్గర ఉన్నాడు. నాన్న ఉంటే గొడవ అంత దూరం వచ్చేది కాదేమో. లేకపోతే టోపీ పెట్టుకుని ఆయనే బయటికి వెళ్ళిపోయేవాడేమో.

పిన్ని పొయ్యి ముందు మోకాళ్ళ మీద కూచుని బూడిద కెలుకుతోంది.

“అందులో ఏం మిగల్లేదే,” అంది అమ్మమ్మ. “వెంట్రుక కాలడానికి ఎంతసేపు? చేతులు మసి చేసుకోకు.”

“నిన్నెవరు కాల్చమన్నారు?”

“కత్తిరించిన జుట్టు కాల్చక ఏం చేస్తారు? బయట పడేస్తే పిట్ట ఎత్తుకుపోయి గూట్లో పెట్టుకుంటుంది. అది గుడ్ల మీద కూచున్నంత కాలం నీకు తలనొప్పి వదలదు. మా అమ్మా కాల్చింది, వాళ్ళమ్మా కాల్చింది.”

“నా తలే పోయిందమ్మా. ఇక నొప్పెక్కడ పుడుతుంది?”

అమ్మ వెనక్కి తిరక్కుండా రొట్టెపిండి పిసుకుతోంది. బల్ల కిర్రుమంటోంది. కర్టెన్లకి పట్టిన కాలిన జుట్టు వాసన ఇంకా పోలేదు.

జడ కత్తిరించుకున్నది పిన్నే. గురువారం సాయంత్రం, అమ్మమ్మ బట్టల కత్తెరతో, ఈ వంటింట్లోనే. కొత్తగా ఒప్పుకున్న టీవీ సీరియల్లో ఆమె వేషం తీసేశామని కంపెనీ వాళ్ళు ఫోన్లో చెప్పిన రోజది. మెడ దగ్గర ఒక్కసారి కసుక్కుమనిపించి, జడని బల్ల మీద పెట్టి, “నాటకం అయిపోయింది. సోమవారం నుంచి బడి వంటశాలలో పని అడుగుతాను,” అంది. శుక్రవారం పొద్దున్న మేం లేచేసరికి అమ్మమ్మ దాన్ని పొయ్యిలో వేసేసింది.

ఆ శనివారం పిన్ని బూడిద కెలకడానికి కాస్త ముందు, మేం టీ తాగుతుండగా ఐవ్‌సన్ మామ్మ వచ్చింది. మా ఊళ్ళో చాలామందికి ఫోనంటే ఐవ్‌సన్ మామ్మ కొట్లో ఉన్నదే. ఆమె ఇంట్లో తొడుక్కునే చెప్పులతోనే సందు దాటి, వానలో పరిగెత్తుకుంటూ వచ్చింది.

“మ్యూరియెల్, నీ అదృష్టం చూడవే,” అంది గడపలోనే. “లండన్ నుంచి ఫోను. ఎవరో అమ్మాయి, ముక్కుతో మాట్లాడింది. నీ సన్నివేశం మళ్ళీ పెట్టారట. వేరే ఎవరికో జబ్బు చేసిందట, అందుకని. సోమవారం పొద్దున్నే స్టూడియోలో ఉండాలట. ఇంకో మాట కూడా గట్టిగా చెప్పింది. జడ ముట్టుకోవద్దట. తలంటు కూడా పోసుకోవద్దట.”

అంటూ అప్పుడే పిన్ని తల చూసింది. చూసి, నోటి మీద చెయ్యి పెట్టుకుంది. తర్వాత, “నా బీపీ సంగతి మళ్ళీ ఎప్పుడైనా అడుగుతాలే,” అని వెళ్ళిపోయింది.

పిన్ని టీవీలో చాలా ఏళ్ళు నర్సు వేషం వేసింది. పళ్ళెం పట్టుకుని లోపలికి రావడం, “డాక్టర్ గారు వస్తున్నారు” అనడం, వెళ్ళిపోవడం. అయినా ఊళ్ళో వాళ్ళు ఆమెని బీపీ గురించీ కీళ్ళ నొప్పుల గురించీ అడుగుతారు. నర్సు సీరియల్ ఆగిపోయాక బీరు పోసే ఆవిడగా, కోర్టులో సాక్షిగా, ఒకసారి పోలీసు సీరియల్లో శవంగా కూడా వేసింది. శవం వేసిన రాత్రి అమ్మమ్మ కుర్చీలోంచి లేచి వెళ్ళి పడుకుంది. పిన్ని బాగా చేసిందని అందరూ చెప్పుకునే నాటకం ఒకటే ఉంది. అది నేను చూడలేదు. దాని టేపు తుడిచేసి, పైన క్రికెట్ ఆట రికార్డు చేశారట.

“వాళ్ళకి చెప్పెయ్యి,” అంది అమ్మ, పిండితోనే మాట్లాడుతున్నట్టు. “జడ పోయిందని ఉన్నమాట చెప్పు. జడ లేకపోతే నటించరా?”

“నీకు తెలీదక్కా.”

“తెలీదు. చెప్పు మరి.”

పిన్ని చేతులు గౌనుకి తుడుచుకుంది. బూడిద చారలు పడ్డాయి.

“బయట జరిగే సన్నివేశాలన్నీ ముందే ఏదో ఒక ఊళ్ళో ఒక్కసారిగా తీసేస్తారు. లోపల జరిగేవి వారాల తర్వాత స్టూడియోలో. నేను ఫిబ్రవరిలో వానలో నిలబడి ఆ తలుపు తట్టాను. తలుపు తెరుచుకుంది. గడప మీద కాలు పెట్టాను. అంతవరకే తీశారు. గడప దాటడం ఈ సోమవారం. చూసేవాళ్ళకి అది ఒక్క అడుగు. బయట భుజం మీద ఇంత జడ ఉన్నదానికి లోపలికి వచ్చేసరికి లేకపోతే?”

“విగ్గు పెట్టరా?”

“నాలాంటిదానికి విగ్గు అల్లిస్తారా? అల్లడానికి వారాలు పడుతుంది. జడ లేదని తెలిస్తే వాళ్ళకి చాలా తేలికైన దారి ఒకటుంది. నేను గడప మీద కాలు పెట్టిన ముక్క కోసేస్తారు. నేను తలుపు తడతాను, ఎవరూ తియ్యరు. కథ ముందుకి పోతుంది. నేనెవరో కూడా ఎవరికీ గుర్తుండదు. లోపలికి వెళ్తే మాత్రం ఆ ఇంట్లో ఏడాదంతా ఉంటాను. చెల్లెలి వేషం. పళ్ళెం పట్టుకోనక్కర్లేదు. కూచుని మాట్లాడే వేషం. నాకు నలభై దాటాయక్కా. ఇది పోతే ఇక నన్ను పిలిచేది శవాలకే.”

గొర్రెపిల్ల సన్నగా అరిచింది. నేను సీసా తీసుకుని దాని దగ్గర కూచున్నాను. అలా కూచుంటే ఎవరూ నన్ను ఏమీ అడగరు.

“బయట తీసినప్పుడు తలకి గుడ్డ కట్టుకున్నాను,” అంది పిన్ని. ఈసారి నెమ్మదిగా. “ఆకుపచ్చ గుడ్డ. కనిపించింది జడొక్కటే. ఎడమ భుజం మీద నుంచి నడుం దాకా. ఆ గుడ్డ నా దగ్గరే ఉంది. దానికి లోపల్నుంచి ఒక జడ కుట్టేస్తే…”

ఆ మాట పూర్తి చెయ్యలేదు.

నేను అమ్మ వీపు వైపు చూశాను. అమ్మమ్మ కూడా చూసింది. అమ్మ జడ నడుం దాటి ఉంటుంది. పిన్నిది ఏ రంగో అమ్మదీ అదే, ముదురు తేనె రంగు. నాది నాన్న జుట్టు, గడ్డి రంగు, అదీ మెడ దాకానే.

పిండి చప్పుడు ఆగింది.

“ఏంటి, ముగ్గురూ నా వీపు మీద ఏం చూస్తున్నారు?”

పిన్ని తల దించుకుని గౌను మీది బూడిద చారలు దులుపుకుంది.

అమ్మ వెనక్కి తిరిగింది. మోచేతుల దాకా పిండి. “అడగవే,” అంది పిన్నితో. “నోరు తెరిచి అడుగు. మాటలు చెప్పడమేగా నీ పని.”

“ఇస్తావా అక్కా?”

“ఇవ్వను.”

“జడేగా. మళ్ళీ పెరుగుతుంది.”

“ఏడాదేగా, మళ్ళీ వస్తాను. అప్పుడూ ఇలాగే అన్నావు.”

అమ్మమ్మ లేచి కెటిల్ పొయ్యి మీద పెట్టింది. అందులో నీళ్ళు లేవు. నేను చూశాను కానీ చెప్పలేదు.

“ఇరవై ఏళ్ళయిందక్కా.”

“నాకు తెలుసు ఎన్నేళ్ళయిందో. నాన్న క్వారీలో పడి మంచాన పడ్డాడు. ఇద్దర్లో ఒకరు ఇంట్లో ఉండాలి. నువ్వు నాటకాల బండితో ముందు వెళ్ళు, వచ్చే ఏడు గొర్రెలు ఈనే వేళకి తిరిగొచ్చెయ్యి, అప్పుడు నేను నర్సు చదువుకి వెళ్తానన్నాను. ఆసుపత్రి వాళ్ళు నా చోటు ఏడాది ఆపి ఉంచారు. ఆ రోజు పెట్టె సర్దుకుని, రోడ్డు పక్కన పాలక్యాన్ల అరుగు మీద కూచున్నాను. బస్సు వచ్చింది. ఐవ్‌సన్ మామ్మ దిగింది, రెండు కోడిపెట్టలతో. నువ్వు దిగలేదు.”

“అక్కా…”

“తర్వాత కొన్నేళ్ళకి నువ్వు టీవీలో తెల్ల టోపీ పెట్టుకుని కనిపించావు. నేను కావాలనుకున్న నర్సు నువ్వయ్యావు. నేను ఇక్కడ నాన్నకి మలమూత్రాలు ఎత్తుతూ నిన్ను చూశాను. నువ్వు నాడి కూడా తప్పుగా పట్టుకున్నావు. బొటనవేలితో ఎవరైనా నాడి చూస్తారా?”

నవ్వొచ్చే మాటే. ఎవరూ నవ్వలేదు.

“ఈ ఇంట్లో గొర్రెలు మీ బావవి,” అంది అమ్మ. “ఆ కుర్చీ అమ్మది. పొయ్యీ అమ్మదే, అందులో ఏం కాల్చాలో అమ్మే చూసుకుంటుంది. పిల్లని కూడా వచ్చినప్పటి నుంచి నువ్వే పక్కన కూచోపెట్టుకున్నావు, మాటలు చదివించుకుంటున్నావు. నాదంటూ ఉన్నది ఇదొక్కటి. శనివారం శనివారం వాన నీళ్ళతో కడుక్కుంటాను. అది కూడా కావాలా నీకు?”

పిన్ని తలుపు తీసుకుని పెరట్లోకి వెళ్ళిపోయింది. కోటు కూడా వేసుకోలేదు.

వాన అలాగే పడుతోంది. కిటికీలోంచి చూస్తే పిన్ని రాతిగోడ పక్కన నిలబడి ఉంది. పొట్టి జుట్టు తలకి అంటుకుపోయింది. టీవీలో ఏడవాల్సి వస్తే పిన్ని తల కొంచెం పక్కకి తిప్పుతుంది, కెమెరా కోసం. ఇప్పుడు తిప్పలేదు. తిన్నగా గోడనే చూస్తోంది, వీపంతా ఊగుతోంది.

ఖాళీ కెటిల్ మాడు వాసన వచ్చింది. అమ్మ వచ్చి దాన్ని తీసి పక్కన పెట్టింది. చేతులు కడుక్కుంది. కిటికీ దగ్గర కాసేపు నిలబడింది.

“నాలుగింటికి బస్సు ఉంది కదూ,” అంది.

“ఊఁ,” అన్నాను. దాని తర్వాత సోమవారం దాకా మా ఊరికి బస్సు లేదు.

అమ్మ మేడ మెట్లెక్కి వెళ్ళిపోయింది. పైన గదిలో సొరుగు లాగిన చప్పుడు. తర్వాత పైనుంచి మామూలు గొంతుతోనే పిలిచింది.

“హేజెల్. అమ్మమ్మ కత్తెర పట్రా. గొర్రెల కత్తెర కాదు, బట్టలది. దాన్ని కూడా లోపలికి రమ్మను. జలుబు చేస్తే గొంతు పోతుంది, మళ్ళీ అది కూడా నన్నే అడుగుతుంది.”

నేను పెరట్లోకి పరిగెత్తాను. ఈ వారం గురువారం దాకా రోజూ పిన్నికి ఆ సన్నివేశం చదివి వినిపించేదాన్ని. అక్క మాటలు నావి, చెల్లెలి మాటలు ఆమెవి. అందరి ముందూ నోరు పెగలని నాకు ఆ కాగితం చేతిలో ఉంటే గొంతు బాగా వచ్చేది. ఆ అలవాటుతో కాగితంలోని అక్క మాటే నోట్లోంచి వచ్చేసింది.

“తడిసిపోయావు. లోపలికి రా.”

పిన్ని తిరిగి చూసింది. “ఆ మాట చెప్పాల్సింది నువ్వు కాదే,” అంది.

“అమ్మే రమ్మంది. కత్తెర తెమ్మంది.”

పిన్ని నన్ను పట్టుకోలేదు, ముద్దు పెట్టుకోలేదు. ఒక్క క్షణం గోడ పట్టుకుని నిలబడి, తర్వాత నన్ను దాటుకుని, బురద కాళ్ళతోనే మెట్లెక్కి వెళ్ళిపోయింది.

అమ్మమ్మ కుట్టుపెట్టె ఆమె ఒళ్ళోనే ఉంది. కత్తెర చేతిలో పట్టుకుని కూచుంది. నేను చెయ్యి చాపితే కత్తెర ఇవ్వలేదు. నా మణికట్టు పట్టుకుంది.

“మీ అమ్మ ఇప్పుడు దాన్ని ఒకటి అడుగుతుంది,” అంది. “ఊరికే ఇవ్వదు. నాకు నా కూతురు తెలుసు.”

“ఏం అడుగుతుంది?”

“బస్సు దిగలేదేం అని. ఇన్నేళ్ళూ అడగలేదు. ఇవాళ అడుగుతుంది.”

అమ్మమ్మ చెయ్యి చల్లగా ఉంది. నా వైపు చూడకుండా, పెట్టెలోని గొర్రెపిల్ల వైపు చూస్తూ చెప్పింది.

“నేనే వద్దన్నాను. ఐవ్‌సన్ కొట్టుకి వెళ్ళి, వాళ్ళ నాటకం ఆడుతున్న చోటికి ఫోన్ చేశాను. మీ అక్క నోరాకి వాల్టర్‌తో పెళ్ళి కుదిరింది, ఇక చదువుకి వెళ్ళదు, నువ్వు రానక్కర్లేదు అన్నాను.”

“కుదిరిందా?”

“ఎక్కడ? అప్పటికి మీ నాన్న వాల్టర్ ఎవరో కూడా దానికి సరిగ్గా తెలీదు. గొర్రెల సంతలో ఒకసారి చూసిందంతే.”

అమ్మ ఆ బస్సెక్కి వెళ్ళి ఉంటే నాన్న లేడు, నేనూ లేను. నేను ఈ అబద్ధం వల్లే పుట్టానన్నమాట.

“ఎందుకు అమ్మమ్మా?”

“మీ తాత బండరాయిలాంటి మనిషి. పక్క మార్చాలంటే ఎత్తాలి. మ్యూరియెల్ గొర్రెపిల్లని కూడా ఎత్తలేదు. నోరాకి బలం ఉంది. బలం ఉన్నదాన్ని ఉంచుకున్నాను.” ఊపిరి పీల్చుకుంది. “అంతే. ఇంకేం లేదు.”

“పిన్నికి తెలుసా?”

“ఆ క్రిస్మస్‌కి వచ్చింది. నోరా వేలికి పెళ్ళి ఉంగరం లేదు. అది చూసింది. తర్వాత నా వైపు చూసింది. నోరు తెరుస్తుందనుకున్నాను. ఇంకొంచెం బంగాళాదుంప వడ్డించమంది. ఏమీ తెలీనట్టే తినేసి, మర్నాడు బస్సెక్కి వెళ్ళిపోయింది. దానికీ అదే కావాలి మరి.”

పైనుంచి అమ్మ మళ్ళీ పిలిచింది. “కత్తెర కోసం లండన్ వెళ్ళావా?”

అమ్మమ్మ నా చెయ్యి వదల్లేదు. “మ్యూరియెల్ తెలివైనదైతే తప్పు తన మీదే వేసుకుంటుంది. మర్చిపోయానంటుంది. అప్పుడు నోరా దాన్ని ఇంకాస్త తిట్టి, జడ ఇచ్చేస్తుంది. నిజం చెప్పిందంటే జడా ఉండదు, ఈ ఇంట్లో నేనూ ఉండను. ఈ వయసులో నన్నెక్కడికి పొమ్మంటావే?”

నేనేమీ పొమ్మనలేదు. కత్తెర లాక్కుని మెట్లెక్కాను.

గది తలుపు తెరిచే ఉంది. అమ్మ తలుపు పక్కనే, అద్దం ముందు స్టూలు మీద కూచుంది. జడ గట్టిగా అల్లి, మెడ దగ్గరా చివరా దారంతో బిగించి కట్టుకుంది. ఊడిపోకుండా ఎలా కట్టాలో ముందే ఆలోచించి పెట్టుకుంది. మంచం మీద ఆకుపచ్చ గుడ్డ పరిచి ఉంది, పక్కన సూదీ దారం. పిన్ని అమ్మ వెనక నిలబడి ఉంది. ఆమె గౌను నుంచి నీళ్ళు చాప మీద కారుతున్నాయి.

అమ్మ నా చేతిలోంచి కత్తెర తీసుకుంది. చూపుడువేలితో పదును చూసింది. చెయ్యి వెనక్కి చాపి పిన్ని చేతిలో పెట్టింది.

“నువ్వే కత్తిరించు. నా చేత్తో నేను కోసుకోలేను.”

పిన్ని జడ పట్టుకుంది. కత్తెర ఎత్తింది.

“ఆగు,” అంది అమ్మ. అద్దంలోంచి పిన్నినే చూస్తోంది. “దానికి ముందు ఒకటి చెప్పు. ఆ రోజు బస్సు ఎందుకు ఎక్కలేదు? మర్చిపోయావా, రాకూడదనుకున్నావా? ఏదైనా సరే, నేను వింటాను. విన్నాక జడ సంగతి చూద్దాం. కానీ నటించకు. టీవీలో నిన్ను ఇన్నేళ్ళూ చూశాను. నువ్వు నటిస్తే నాకు తెలిసిపోతుంది.”

కత్తెర నోరు తెరుచుకుని గాల్లో ఆగింది. పిన్ని పెదవులు కదిలాయి. అద్దంలో ఆమె కళ్ళు అమ్మ మీద లేవు. అమ్మ భుజం మీదుగా, గడపలో నిలబడ్డ నా మీద ఉన్నాయి. నాకు తెలుసని ఆమెకి తెలిసింది. నా ముఖంలో అంతా కనబడిందేమో.

కింద మెట్ల మొదట్లో చేతికర్ర చప్పుడైంది. అమ్మమ్మ అక్కడే నిలబడి వింటోంది.

“అమ్మా,” అన్నాను. “అమ్మా, ఆ ఫోను…”

అమ్మ స్టూలు మీద నుంచి లేవలేదు. జడ ఇంకా పిన్ని పిడికిట్లోనే ఉంది.

“నువ్వు కిందికి పో, తల్లీ,” అంది. “ఇది మా ఇద్దరి మధ్య.”

కాలు చాపి నా ముఖం మీద తలుపు మూసేసింది.